ఈఎంఐ కడుతున్నా అసలు సొమ్ము ఎందుకు తగ్గట్లేదు?

30 లక్షల హోమ్ లోన్, 9 శాతం వడ్డీ, 20 ఏళ్లు. మూడేళ్లలో 9.7 లక్షలు కట్టినా అసలు (తీసుకున్న అప్పు) 1.85 లక్షలే తగ్గిందనుకోండి, లెక్కలో తప్పేం లేదు. వడ్డీ మిగిలిన అసలు మీద పడుతుంది. అందుకే మొదటి నెల 26,992 ఈఎంఐలో 22,500 వడ్డీకే పోయింది, అసలుకు చేరింది 4,492 మాత్రమే. ఇలాగే చివరిదాకా కడితే మొత్తం దాదాపు 64.8 లక్షలవుతుంది.

ఇకనుంచి ఏటా ఒక ఈఎంఐ అదనంగా కట్టండి. రేటు మారకపోతే సుమారు రెండున్నరేళ్లు ముందే లోన్ తీరిపోతుంది. కానీ కట్టేటప్పుడు ఈఎంఐ అలాగే ఉంచి కాలపరిమితి తగ్గించమని రాతపూర్వకంగా అడగండి, ఈఎంఐ తగ్గిస్తే మీకు ఆదా అయ్యే వడ్డీ బాగా తక్కువ.

ఫ్లోటింగ్ రేటైతే (మధ్యలో మారుతుండే వడ్డీ రేటు) మరీ జాగ్రత్త: రేటు పెరిగినప్పుడు బ్యాంకులు ఈఎంఐ కదపకుండా నెలలు పెంచేస్తుంటారు. స్టేట్‌మెంట్‌లో మిగిలిన వాయిదాలెన్నో తప్పకుండా చూసుకోండి.