చదరంగం క్విజ్‌కి ప్రశ్నలు రాసేటప్పుడు

చిరంజీవి సౌమ్యకు ఆశీస్సులు.

క్విజ్ బాధ్యత నీ మీద పెట్టారని తెలిసి సంతోషించాను. నువ్వు పంపిన పది ప్రశ్నలూ చూశాను. విషయం తెలిసే రాశావు, కాదనను. కానీ వాటిలో నాలుగింటికి రెండేసి సరైన జవాబులున్నాయి. చదరంగం క్విజ్‌లో గొడవలు చాలావరకు అక్కడే పుడతాయి.

మొదటి ప్రశ్నే తీసుకో. ‘అతి పిన్న వయసులో ప్రపంచ ఛాంపియన్ అయినది ఎవరు?’ అని అడిగి, గుకేశ్ అని జవాబు రాశావు. 2024 డిసెంబరు 12న సింగపూర్‌లో అప్పటి ఛాంపియన్ డింగ్ లిరెన్‌ని 7.5–6.5తో ఓడించేనాటికి అతనికి 18 ఏళ్ల ఆరున్నర నెలలు. మరి 2002 జనవరిలో ఫిడే (అంతర్జాతీయ చదరంగ సమాఖ్య) టైటిల్ గెలిచినప్పుడు పొనమరియోవ్‌కి 18 ఏళ్ల మూడు నెలలే కదా అని ఎవరైనా లేచి అడిగితే ఏం చెబుతావు? అతని మాటా తప్పు కాదు.

1993లో కాస్పరోవ్, షార్ట్ ఇద్దరూ ఫిడేని కాదని విడిగా లండన్‌లో టైటిల్ మ్యాచ్ ఆడారు. అప్పటినుంచి 2006 దాకా ప్రపంచ టైటిళ్లు రెండు. ఒక వరసలో కాస్పరోవ్, ఆయన్ని 2000లో ఓడించిన క్రామ్నిక్. ఫిడే వరసలో కార్పోవ్, ఖలిఫ్‌మన్, ఆనంద్, పొనమరియోవ్, కాసింజానోవ్, తొపలోవ్. 2006లో ఎలిస్టాలో క్రామ్నిక్, స్కోరు సమమయ్యాక ఆడిన టైబ్రేక్‌లో తొపలోవ్‌ని ఓడించాకే రెండూ ఒకటయ్యాయి. కాబట్టి ఆ పదమూడేళ్లను తాకే ప్రతి ప్రశ్నలోనూ ఏ టైటిల్ అన్నది రాయాలి. గుకేశ్ ప్రశ్నకి ‘వివాదం లేని ప్రపంచ ఛాంపియన్’ అని చేరిస్తే చాలు. ఆనంద్ విషయంలోనూ ఇదే చిక్కు: ఫిడే టైటిల్ 2000లో, షిరోవ్‌తో టెహ్రాన్‌లో జరిగిన ఫైనల్లో, వివాదం లేని టైటిల్ 2007లో, మెక్సికో సిటీలో. ఆనంద్ 15వ ఛాంపియన్, గుకేశ్ 18వ ఛాంపియన్ అనే లెక్క కాస్పరోవ్–క్రామ్నిక్ వరస మీదుగా వచ్చింది. అందులో ఖలిఫ్‌మన్ లాంటివాళ్లు ఉండరు. వరస సంఖ్యతో అడిగితే ఈ సంగతి గుర్తుంచుకో.

‘ఆటలో ఓడకుండానే టైటిల్ పోయిన ఛాంపియన్ ఎవరు?’ అన్నది మరీ ప్రమాదం. నీ మనసులో ఉన్నది 1975లో కార్పోవ్‌తో ఆడనన్న ఫిషర్. కానీ 1946లో అలేఖిన్ టైటిల్ చేతిలో ఉండగానే చనిపోయాడు. కార్ల్‌సెన్ 2023లో ఆడను పొమ్మని వదిలేశాడు. ప్రశ్నలో సంవత్సరం పెట్టు, ముగ్గురూ విడిపోతారు.

ఇక గ్రాండ్‌మాస్టర్ హోదా. మామూలు దారి ఇది: 2500 రేటింగ్ (ఆటబలాన్ని కొలిచే అంకె) అందుకోవాలి, కనీసం 27 గేముల మీద మూడు నార్మ్‌లు (ఆ స్థాయిలో ఆడినట్టు టోర్నీల్లో దక్కే గుర్తింపులు) కావాలి. ఒక్కో నార్మ్‌కి 2600 స్థాయి ప్రదర్శన ఉండాలి. 2500 ఒక్కసారి తాకితే చాలు, తర్వాత రేటింగ్ పడిపోయినా హోదా పోదు. ‘2500 రేటింగ్ ఉన్నవాళ్లే గ్రాండ్‌మాస్టర్లు’ అనే ఒప్పు–తప్పు ప్రశ్న తీసెయ్, అది తప్పు. ‘మూడు నార్మ్‌లు లేనిదే గ్రాండ్‌మాస్టర్ కాలేరు’ అన్నదీ తప్పే. 2025లో మహిళల ప్రపంచ కప్ గెలిచి దివ్యా దేశ్‌ముఖ్ నేరుగా గ్రాండ్‌మాస్టర్ అయింది.

మహిళల హోదాల దగ్గర ఇంకా జాగ్రత్త. ఉమన్ గ్రాండ్‌మాస్టర్ అన్నది వేరే హోదా. దానికి 2300 రేటింగ్ చాలు, అంటే గ్రాండ్‌మాస్టర్‌కి ఒక మెట్టు కింద ఉండే ఇంటర్నేషనల్ మాస్టర్‌కి అడిగే 2400 కన్నా తక్కువ. కాబట్టి ‘తొలి మహిళా గ్రాండ్‌మాస్టర్’ అని రాయకు, ఏ హోదా అన్నది తేలదు. ‘గ్రాండ్‌మాస్టర్ హోదా పొందిన తొలి మహిళ’ అని రాస్తే జవాబు నోనా గప్రిందాష్విలి, 1978. ‘నార్మ్‌లు, రేటింగ్‌తో సాధించిన తొలి మహిళ’ అంటే సుసాన్ పోల్గర్, 1991.

రికార్డుల ప్రశ్నకి తేదీ తప్పనిసరి. పిన్న వయసు గ్రాండ్‌మాస్టర్ రికార్డు 2002లో కర్యాకిన్ చేతికి వచ్చింది, 12 ఏళ్ల 7 నెలలు. గుకేశ్ పదిహేడు రోజుల తేడాతో దాన్ని అందుకోలేకపోయాడు. 2021లో అభిమన్యు మిశ్రా 12 ఏళ్ల 4 నెలల 25 రోజులకే సాధించాడు. మహిళల్లో ఆ రికార్డు జూడిత్ పోల్గర్ నుంచి 2002లో కోనేరు హంపికి, 2008లో హూ యీఫాన్‌కి మారింది. ‘ఫలానా సంవత్సరంలో ఎవరి రికార్డు ఎవరు చెరిపారు’ అని అడిగితే ఆ జవాబు ఎప్పటికీ మారదు.

1914 సెంట్ పీటర్స్‌బర్గ్ టోర్నీలో రష్యా చక్రవర్తి అయిదుగురికి గ్రాండ్‌మాస్టర్ బిరుదిచ్చాడనే కథ వదిలెయ్. దానికి గట్టి ఆధారం లేదు. 1950లో ఫిడే తొలిసారి 27 మందికి హోదా ఇచ్చిందన్నది అడుగు.

మంచి ప్రశ్నకి సూచనలు కష్టం నుంచి సులువుకి దిగాలి. నమూనాగా ఒకటి: ‘డ్రాలు లెక్కలోకి రాని ఈ టైటిల్ మ్యాచ్‌లో ఆరు గెలుపులు ముందు సాధించినవాడే విజేత. ఒకరు 5–0 ఆధిక్యానికి వెళ్లారు. తర్వాత 5–3 అయ్యింది. 40 డ్రాలతో 48 గేములు నడిచాక ఫిడే అధ్యక్షుడు ఆపేశాడు. ఎవరెవరు ఆడారు?’ మొదటి వాక్యం ఆ కాలపు నిబంధనలు ఎరిగినవాడికి, చివరిది అందరికీ. జవాబు కార్పోవ్, కాస్పరోవ్. 1984 సెప్టెంబరులో మొదలై 1985 ఫిబ్రవరి 15న ఆగింది. దీనికి ‘గెలిచిందెవరు?’ అని అడగకు, ఎవరూ గెలవలేదు. కాస్పరోవ్ ఛాంపియన్ అయింది ఆ ఏడే నవంబరులో ముగిసిన వేరే మ్యాచ్‌లో, 13–11తో.

నలభై ప్రశ్నలు కావాలంటే యాభై రాసుకో. చెరిపేయాల్సినవి పదిదాకా తేలతాయి. జవాబు పక్కనే సంవత్సరం, ఊరు, స్కోరు రాసి పెట్టుకో. అభ్యంతరం వస్తే అప్పటికప్పుడు వెతుక్కునే పని ఉండదు. విదేశీ పేర్లు ఒక్కొక్కరు ఒక్కోలా పలుకుతారు. అలేఖిన్ అన్నా అల్యోఖిన్ అన్నా మార్కు ఇవ్వు. ఇంటిపేరుతోనే జవాబు చాలు, పోల్గర్లకి తప్ప. అక్కడ అక్కచెల్లెళ్లు ముగ్గురు.

టై పడితే వాడడానికి అంకెల ప్రశ్నలు మూడు విడిగా ఉంచుకో. దగ్గరగా చెప్పినవాళ్లకే గెలుపు అని ముందే ప్రకటించు. లాస్కర్ ఎన్నేళ్లు ఛాంపియన్‌గా ఉన్నాడు: 27. కార్ల్‌సెన్ అత్యధిక రేటింగ్: 2882, 2014 మే నెల జాబితాలో. 2018 కార్ల్‌సెన్–కరువానా మ్యాచ్‌లో క్లాసికల్ గేముల్లో (ఎక్కువ సమయమిచ్చే మామూలు గేములు) ఎన్ని డ్రా అయ్యాయి: ఆడిన 12కి 12.

మిగతావి రాశాక పంపు, చూసి పెడతాను.

మీ పెదనాన్న