తిరుపతి అమ్మాయి ఫుట్‌బాల్‌నే వృత్తిగా ఎంచుకోవచ్చా?

తొమ్మిదో తరగతి చదివే మీ అమ్మాయి ఫుట్‌బాల్‌నే నమ్ముకుంటే బతుకు గడుస్తుందా అని అడిగారు. గడుస్తుంది, కానీ తిరుపతిలోనే ఉండిపోతే కష్టం. నిజామాబాద్ జిల్లా గుగులోత్ సౌమ్యనే చూడండి: గోకులం కేరళ క్లబ్‌కు ఆడి, 2022లో క్రొయేషియా క్లబ్ దినామో జాగ్రెబ్‌కి వెళ్లింది. మామూలుగా జిల్లా జట్టు, రాష్ట్ర జట్టు, జాతీయ పోటీలు దాటాకే క్లబ్బుల కళ్లు పడతాయి. మన రాయలసీమలో అమ్మాయిల ఫుట్‌బాల్‌కి అనంతపురం ఆర్డీటీ (రూరల్ డెవలప్‌మెంట్ ట్రస్ట్ అనే స్వచ్ఛంద సంస్థ) మైదానం పేరున్న చోటు. ముందు అక్కడ వాకబు చేయండి.

నన్ను భయపెట్టేది మోకాలు. మోకాలి నడిమధ్య ఎముకలను పట్టి ఉంచే ఏసీఎల్ అనే లిగమెంటు (గట్టి పట్టీ లాంటిది) తెగితే దాదాపు ఏడాది ఆట ఉండదు, మగపిల్లలకంటే ఆడపిల్లలకే ఈ ముప్పు ఎక్కువ. ఎగిరి దిగేటప్పుడు మోకాళ్లు లోపలికి వాలుతున్నాయేమో గమనించి సరిదిద్దే కోచ్‌నే వెతకండి. చదువు మాత్రం మాన్పించకండి. యూనివర్సిటీ జట్టులో చోటు దొరికితే అదీ ఒక మెట్టే.