ఆఫీసువాళ్లు బేస్‌బాల్‌కి రమ్మంటే వెళ్లాలా?

తమ్ముడూ, సియాటిల్ పక్కనున్న బెల్‌వ్యూకి వచ్చి మూడు నెలలైందని, ఆఫీసువాళ్లు మ్యాచ్‌కి పిలిస్తే ఆట తెలియక తలనొప్పని చెప్పి తప్పించుకున్నానని, శని ఆదివారాలు గోడలు చూస్తూ గడుస్తున్నాయని రాశావు. వీసా సంగతీ అడిగావు. ఉద్యోగం పోతే ఇంకోటి వెతుక్కోవడానికి మామూలుగా 60 రోజుల వరకు గడువు ఉంటుంది, మిగతా రూల్సన్నీ ఇక్కడి ఇమిగ్రేషన్ శాఖ యూఎస్‌సీఐఎస్ సైట్లో ఉన్నాయి, చదువుకో. నాకు ఆ తలనొప్పి గురించి మాట్లాడాలనుంది. 2001లో నేను కూడా అదే చెప్పాను.

ఆ ఫిబ్రవరిలో సియాటిల్‌లో దిగాను. 28వ తేదీన భూకంపం, 6.8. నలుగురం ఉండే అపార్ట్‌మెంట్లో బియ్యం డబ్బా దొర్లి హాలంతా సోనామసూరి. డాట్‌కామ్‌లు మూతపడుతున్న రోజులు, ఎవరి ప్రాజెక్టు ఎప్పుడు పోతుందో, ఎవర్ని బెంచ్ మీద కూర్చోబెడతారో తెలియని టెన్షన్. ఐదు డాలర్ల కాలింగ్ కార్డు గీకి, మా అమ్మ "తిన్నావా" అనేలోపు నిమిషాలు లెక్కపెట్టుకునేవాళ్లం. వీడియో కాల్ చూసుకుంటూ అన్నం కలుపుకునే మీకు ఇది చెప్పినా ఎక్కదులే.

ఏప్రిల్ 2న ఇక్కడి టీము మారినర్స్‌లో ఇంకో కొత్తవాడు మైదానంలోకి దిగాడు. పేరు ఇచిరో సుజుకి, వయసు 27. జపాన్‌లో వరసగా ఏడేళ్లు బ్యాటింగ్ టైటిల్ గెలిచాడు. అయినా ఇక్కడివాళ్లకి కొత్తవాడే. అంతకుముందు జపాన్ నుంచి బంతి విసిరేవాళ్లు వచ్చారు గానీ, ఇలా రోజూ బ్యాటు పట్టుకుని ఆడేవాడు రావడం అదే మొదలు. సన్నగా ఉన్నాడు, ఇక్కడి బంతుల వేగానికి ఆగలేడని చాలామంది తేల్చేశారు.

11వ తేదీ రాత్రి ఓక్లాండ్‌లో మ్యాచ్. కుడివైపు దూరంగా నిలబడ్డ ఇచిరో బంతి అందుకుని, మూడో బేస్ (పరుగు పూర్తిచేసే దారిలో మూడో మజిలీ) దాకా గాల్లోనే విసిరాడు. పరిగెత్తుకొస్తున్న టెరెన్స్ లాంగ్ ఔట్. మర్నాడు ఆఫీసు కిచెన్‌లో కాఫీ దగ్గర అందరిదీ అదే మాట. నేనూ కలుపుగోలుగా ఉండాలని, "రనౌటేగా, మా దేశంలో రోజూ చూస్తాం" అన్నాను. ఎవరూ ఏమీ అనలేదు. ఒకాయన కప్పు కడుక్కుని వెళ్లిపోయాడు. అప్పట్నుంచి కిచెన్ ఖాళీ అయ్యాకే కాఫీకి వెళ్లేవాణ్ణి.

అంతకన్నా పెద్ద తప్పు ఇంకోటుంది. మీటింగుల్లో అర్థం కాకపోయినా తల ఊపేవాణ్ణి. మళ్లీ చెప్పమంటే ఇంగ్లీషు రాదనుకుంటారని భయం. అలా తల ఊపి రెండు వారాలు వాళ్లు అడగని రిపోర్టు తయారుచేశాను. అదే ఊళ్లో ఇచిరో మాత్రం ఏళ్లు గడిచినా ఇంటర్‌ప్రెటర్‌ని పక్కన పెట్టుకునే విలేఖరులతో మాట్లాడాడు. ఇంగ్లీషు రాకా అంటే, కాదు. తోటి ఆటగాళ్లతో ఇంగ్లీషులో, స్పానిష్‌లో కూడా జోకులేసేవాడని వాళ్లే చెప్పారు. మాట తేడా రాకూడదని అతని జాగ్రత్త. నాకేమో తెలియదని తెలిసిపోతుందేమోనని బెంగ. మ్యాచ్ ఉన్న రోజు ఇంట్లో భార్య వండిన కర్రీ తినే వెళ్లేవాడట, ఏళ్ల తరబడి. కాబట్టి లంచ్ రూములో నీ ఆవకాయ సీసా దాచుకోనక్కర్లేదు.

చివరికి జులైలో ఒక్కణ్ణే మ్యాచ్‌కి వెళ్లాను. ఇచిరో నిలబడే కుడివైపు, అంటే రైట్ ఫీల్డ్ వెనక చౌక సీటు. అతని చొక్కా నంబరు 51 కాబట్టి ఆ వైపుని ఏరియా 51 అనేవాళ్లు. అలా దూరంగా ఉండే అవుట్‌ఫీల్డర్ అంటే మన బౌండరీ దగ్గర నిలబడేవాడు అనుకో. ఇరవై నిమిషాలు ఒక్క బంతీ అతని దాకా రాలేదు. చుట్టూ నలభై వేలమంది, పలకరించేవాడు లేడు. కానీ అతను ఊరికే నిలబడలేదు. నడుము వంచాడు, కాళ్లు సాగదీశాడు, ప్రతి బంతికీ రెండడుగులు కదిలి మళ్లీ తన చోటికి వచ్చాడు. నేను ఆట వదిలేసి అదే చూస్తూ కూర్చున్నా. పక్కనున్న పెద్దాయన పెన్సిల్‌తో స్కోరు రాసుకుంటూ, వేరుశెనగకాయల పొట్లం నా వైపు జరిపి, "మొదటిసారా?" అన్నాడు. ఈసారి తల ఊపలేదు. అవును, నాకేమీ తెలియదన్నాను. మూడు గంటలు చెప్పాడు.

ఆ ఏడాది ఇచిరో 242 హిట్లు కొట్టాడు (బంతి కొట్టి బేస్ చేరితే ఒక హిట్), సగటు .350. అంటే పది ప్రయత్నాల్లో ఆరేడు పోయినట్టే, అయినా లీగ్‌లో అందరికన్నా ఎక్కువ. ఉత్తమ కొత్త ఆటగాడు, ఉత్తమ ఆటగాడు రెండూ అతనే, టీము 116 మ్యాచ్‌లు గెలిచింది. 2004లో 262 హిట్లతో 1920 నాటి జార్జ్ సిస్లర్ రికార్డు దాటాడు. 2012లో న్యూయార్క్ టీము యాంకీస్‌కి మారిన రోజే ఇక్కడ వాళ్లతో మ్యాచ్. వేరే టీము బట్టల్లో వచ్చి హెల్మెట్ తీసి మాకు వంగి దణ్ణం పెట్టాడు. టీవీ ముందు మా ఆవిడ నన్ను చూసి నవ్వింది, ఏడుస్తున్నానని.

2019లో టోక్యోలో రిటైరయిన రాత్రి, అమెరికాలో తను విదేశీయుణ్ణి కావడం వల్లే ఎదుటివాళ్ల బాధ ఊహించగలిగానన్నాడు. 3,089 హిట్ల మనిషి ఆ మాటన్నాడు. 2025లో బేస్‌బాల్ మేటి ఆటగాళ్లకిచ్చే గౌరవం, హాల్ ఆఫ్ ఫేమ్‌కి 394 ఓట్లలో 393 వచ్చాయి. ఆ సన్మానం జరిగే కూపర్స్‌టౌన్‌లో ఇంగ్లీషులోనే ప్రసంగించాడు.

అందుకని, ఈసారి పిలిస్తే వెళ్లు. లైట్ రైలు స్టేడియం స్టేషన్లో దిగితే దగ్గరే. స్వెటర్ మర్చిపోకు, పైకప్పు మూసినా పక్కలు తెరిచే ఉంటాయి. వాళ్లు మళ్లీ పిలవకపోతే నాకు చెప్పు. బయటి తిండి లోపలికి రానిస్తారు, పులిహోర డబ్బా నేను తెస్తాను.