మెట్రిక్ స్పేస్‌లో (ఏ రెండు బిందువుల మధ్యైనా దూరం నిర్వచించి ఉన్న సెట్‌లో) క్లోజ్డ్ (తన సరిహద్దు బిందువులన్నీ తనలోనే ఉన్న), బౌండెడ్ అయిన సెట్ తప్పకుండా కాంపాక్ట్ అవుతుందా?

అవ్వదు, యూక్లిడియన్ స్పేస్‌లో (మామూలు దూరంతో ఉన్న రేఖ, సమతలం వంటివాటిలో) తప్పకుండా అవుతుంది గానీ, మిగతా మెట్రిక్ స్పేస్‌లలో ఆ హామీ లేదు.

కారణం ఇదీ. కాంపాక్ట్‌నెస్ పూర్తిగా ఓపెన్ సెట్లను బట్టి ఉంటుంది: ఏ ఓపెన్ కవర్ (అన్నీ కలిసి ఆ సెట్‌ను కప్పే ఓపెన్ సెట్ల సమూహం) ఇచ్చినా, అందులోని పరిమిత సంఖ్యలో సెట్లే మొత్తాన్ని కప్పేయాలి. బౌండెడ్ అవడం, అంటే ఏదో ఒక పరిమిత వ్యాసార్ధం ఉన్న బంతిలో ఇమిడిపోవడం మాత్రం దూరాన్ని ఎలా కొలిచామన్నదాన్ని బట్టి ఉంటుంది. ఓపెన్ సెట్లు ఒక్కటీ మారకుండా మెట్రిక్‌ను (దూరం కొలిచే పద్ధతిని) మార్చేయొచ్చు.

వాస్తవ సంఖ్యల రేఖనే తీసుకోండి. రెండు సంఖ్యల మధ్య మామూలు దూరం 1 కంటే తక్కువైతే దాన్నే ఉంచి, లేకపోతే దూరం 1 అనుకుందాం. ఇదీ మెట్రిక్కే (త్రిభుజ అసమానతను మీరే ఒకసారి సరిచూడండి, చేయదగ్గ లెక్క). 1 కంటే చిన్న వ్యాసార్ధం ఉన్న బంతులు రెండు మెట్రిక్‌లలోనూ ఒకటే, కాబట్టి ఓపెన్ సెట్లూ అవే. ఇప్పుడు రేఖ మొత్తం బౌండెడ్, తనలో తాను క్లోజ్డ్ కూడా. అయినా (-1, 1), (-2, 2), (-3, 3)... అనే ఓపెన్ కవర్‌లోంచి పరిమిత సంఖ్యలో ఎన్ని సెట్లు ఏరినా రేఖంతా కప్పబడదు.

డిగ్రీలో ముందుగా హైనె-బోరెల్ సిద్ధాంతం (యూక్లిడియన్ స్పేస్‌లో క్లోజ్డ్, బౌండెడ్ సెట్లే కాంపాక్ట్ అని చెప్పేది) నేర్చుకోవడంతో చాలామంది దాన్నే కాంపాక్ట్ నిర్వచనం అనుకుంటారు. ఏ మెట్రిక్ స్పేస్‌కైనా సరిపోయే షరతు వేరు: సెట్ కంప్లీట్‌గా (పదాలు ఒకదానికొకటి ఎంతైనా దగ్గరపడే ప్రతి అనుక్రమానికీ అవధి అందులోనే ఉండేలా), టోటల్లీ బౌండెడ్‌గా ఉండాలి, అంటే ఎంత చిన్న వ్యాసార్ధం ఎంచుకున్నా పరిమిత సంఖ్యలో బంతులు దాన్ని కప్పాలి. పై రేఖ కంప్లీటే. కానీ వ్యాసార్ధం 1/2 ఉన్న ఒక్కో బంతి 1 పొడవున్న ముక్కనే కప్పుతుంది, కాబట్టి పరిమిత సంఖ్యలో బంతులు సరిపోవు, అది టోటల్లీ బౌండెడ్ కాదు. రెండో దిశ మాత్రం ఎక్కడైనా నిజమే: కాంపాక్ట్ సెట్ ఏ మెట్రిక్ స్పేస్‌లోనైనా క్లోజ్డ్, బౌండెడ్.