నాలుగు లక్షలకు సంతకం పెట్టే ముందు ఈ లెక్క చూడండి

ప్రశ్న: మాది పరకాల దగ్గర ఊరు. మా బావకు 34 ఏళ్ళు, సెంట్రింగ్ మేస్త్రి. రెండు నెలల కింద బైక్ మీద పనికి పోతుంటే డీసీఎం గుద్ది చనిపోయాడు. అక్క, ఇద్దరు చిన్న పిల్లలు, బావ వాళ్ళ అమ్మ ఉన్నారు. బండి ఓనరు పెద్దమనుషులను పంపి నాలుగు లక్షలు ఇస్తాను, ఇక ఏ క్లెయిమ్ చేయమని కాగితం రాసివ్వండి అంటున్నాడు. బావ వాళ్ళ అన్న ఆ డబ్బుతో ప్లాటు కొందామంటున్నాడు. ఏం చేయమంటారు?

జవాబు: తమ్ముడూ, అక్కతో ఆ కాగితం మీద సంతకం పెట్టించకు. దినాల ఖర్చుకని ఓనరు ఏమైనా ఇస్తే తీసుకోండి, తప్పు లేదు, కానీ సంతకం మాత్రం వద్దు. ఎందుకంటే, తప్పు ఎవరిదో తేల్చకుండానే మరణానికి 5 లక్షలు ఇవ్వాలని మోటారు వాహనాల చట్టంలోనే ఉంది. అంటే మీ పెద్దమనుషులు బేరమాడి తెచ్చింది దానికన్నా లక్ష తక్కువ. అయితే ఆ 5 లక్షలకే ఒప్పుకుని తీసుకుంటే పెద్ద క్లెయిమ్ పోతుంది, కాబట్టి అక్కడా తొందరపడకండి.

అసలు లెక్క ఇలా ఉంటుంది. బావ సంపాదన నెలకు 15 వేలని కోర్టు నమ్మిందనుకో, ఏడాదికి 1,80,000. నలభై లోపు వయసు, సొంత పని కాబట్టి, ముందుముందు పెరిగే సంపాదన కింద 40 శాతం కలుపుతారు, 2,52,000 అయింది. ఆయన మీద ఆధారపడ్డవాళ్ళు నలుగురు గనుక సొంత ఖర్చు కింద నాలుగో వంతు తీస్తారు, మిగిలింది 1,89,000. 31 నుంచి 35 ఏళ్ళ వయసుకు దాన్ని 16తో గుణిస్తారు. 30,24,000. అంత్యక్రియలకు, భర్తను, తండ్రిని, కొడుకును పోగొట్టుకున్నందుకు ఒక్కొక్కరికి విడిగా ఇచ్చేది ఇంకో రెండు లక్షల పైన, అది కాక కేసు వేసిన రోజు నుంచి వడ్డీ. ఇదంతా సుప్రీంకోర్టు 2009లో, 2017లో, 2018లో ఇచ్చిన తీర్పుల్లోని పద్ధతే.

ఇప్పుడు అదే సంపాదనను కోర్టు 10 వేలే అని పట్టుకుంటే 30 లక్షలు కాస్తా 20 లక్షలవుతుంది. పది లక్షల తేడా. అందుకే బావ ఫోన్‌పే, బ్యాంకు స్టేట్‌మెంట్లు, లేబర్ కార్డు, పని ఇచ్చిన కాంట్రాక్టర్ల వాంగ్మూలం, కూలీల లెక్కలు రాసుకున్న పాకెట్ బుక్కు ఉంటే అది కూడా, ఏదీ పారేయకండి. నా దగ్గరికి వచ్చిన ఒక కుటుంబం అలాంటి పుస్తకాన్ని ఇల్లు సర్దుతూ పాత పేపర్లతో కలిపి అమ్మేసింది, తర్వాత ఎంత వెతికినా దొరకలేదు.

వయసు సంగతి ఇంకా ముఖ్యం. ఆధార్‌లో పుట్టిన తేదీ జనవరి 1 అని వేసి ఉందా? మన ఊళ్ళల్లో సగం మందికి అదే తేదీ కదా. దాని ప్రకారం బావకు 36 వస్తే 16 కాస్తా 15 అవుతుంది, 1,89,000 పోయినట్టే. వయసుకు ఆధార్ కన్నా స్కూల్ టీసీ గట్టిదని సుప్రీంకోర్టు 2024లో చెప్పింది. కాబట్టి బావ చదివిన బడికి పోయి టీసీ నకలు తీసుకో.

కేసు ప్రమాదం జరిగిన ఆరు నెలల్లోపు వేయాలి, మీకింకా నాలుగు నెలలున్నాయి. అక్క ఉండే జిల్లా కోర్టులోనే వేయొచ్చు. ఏళ్ళు పడుతుందన్న మాట అబద్ధం కాదు, కానీ వడ్డీ కూడా దానితోపాటే నడుస్తుంది. డీసీఎంకు ఇన్సూరెన్స్ ఉందో లేదో బండి నంబరు కొట్టి ఎంపరివాహన్ యాప్‌లో చూడు. ఉంటే కట్టేది కంపెనీ, ఓనరు జేబులోంచి పోయేది ఏమీ లేదు, మరి నాలుగు లక్షలు ఎందుకు ఇస్తానంటున్నాడు? డ్రైవరు లైసెన్సో, ఫిట్‌నెస్సో ఏదో తేడా ఉండి ఉంటుందని నాకు అనుమానం.

వకీలు వందకు ఇరవై అంటే ఒప్పుకోకండి, అలా వాటా మాట్లాడుకోవడం బార్ కౌన్సిల్ నిబంధనలకే విరుద్ధం. ఖాళీ చెక్కుల మీద సంతకాలు అసలే వద్దు. ఆడవాళ్ళకు ఆదాయంతో సంబంధం లేకుండా జిల్లా న్యాయ సేవాధికార సంస్థ ఉచితంగా వకీలును ఇస్తుంది.

ఈలోపు బావ బ్యాంకు పాస్‌బుక్ తీసి మే, జూన్ నెలల్లో 20 రూపాయలు కట్ అయ్యాయా చూడు. అయ్యుంటే ప్రధానమంత్రి సురక్షా బీమా అనే ప్రమాద బీమా కింద 2 లక్షలు. ఆయన పేరు మీద పట్టా పాస్‌బుక్ ఉంటే రైతుబీమా 5 లక్షలు, ఏఈఓను (వ్యవసాయ విస్తరణ అధికారిని) కలవాలి. బైక్ ఆయన పేరు మీదే ఉండి, లైసెన్స్ ఉండి, పాలసీలో ఓనర్ ప్రమాద బీమా ఉంటే ఇంకో 15 లక్షలు. ఇవేవీ కోర్టు కేసుకు అడ్డం కావు.

ప్లాటు మాట ఇప్పుడే వద్దు. పిల్లల వాటాను మామూలుగా కోర్టే పద్దెనిమిదేళ్ళ దాకా ఫిక్స్‌డ్ డిపాజిట్‌లో వేయిస్తుంది, ఎవరడిగినా రాదు, అదే మంచిది. అక్క వాటాలోంచి ముందు రెండు రూపాయల మిత్తి అప్పులు తీర్చండి. తర్వాత 9 లక్షలు పోస్టాఫీసు నెలవారీ పథకంలో అక్క ఒక్కదాని పేరు మీద వేస్తే ఇప్పటి 7.4 శాతం చొప్పున నెలకు 5,550 వస్తాయి. బియ్యం, పాలు, కరెంటు బిల్లు వెళ్ళిపోతాయి. ప్లాటు నెలకు రూపాయి ఇవ్వదు, పైగా బావ వాళ్ళ అన్న పేరు మీద రిజిస్టర్ అయితే అక్కకు అదీ లేదు.

రేపు పొద్దున స్టేషన్‌కు పోయి ఎఫ్ఐఆర్, పంచనామా, పోస్టుమార్టం రిపోర్టు నకళ్ళు అడుగు. పెద్దమనుషులు మళ్ళీ వస్తే కాగితం వకీలు చూస్తున్నాడని చెప్పు.