చెరువు గట్టు కప్పలను గుర్తుపట్టడం ఎలా? – పాఠకుల ప్రశ్నలు, మా సమాధానాలు

తొలకరి మొదలైనప్పటి నుంచి కప్పల గురించి ఉత్తరాలు ఎక్కువగా వస్తున్నాయి. ఒకే సంగతి అడిగిన వారి ప్రశ్నలను కలిపి, నాలుగింటికి ఈ సంచికలో జవాబులు ఇస్తున్నాం.

ప్రశ్న: మొదటి పెద్ద వాన పడిన మర్నాడు మా వరి పొలాల్లో, నిమ్మపండు రంగులో మెరిసిపోతున్న పెద్ద పెద్ద కప్పలు గుంపులుగా కనిపించాయి. నాలుగైదు రోజుల తరువాత ఒక్కటీ లేదు. ఇవి ఎక్కడి నుంచో వచ్చిన కొత్త జాతా? విషం ఉంటుందా?
– ఒక రైతు, పశ్చిమ గోదావరి జిల్లా

జవాబు: కొత్త జాతి కాదు, విషమూ లేదు. మన దేశంలో అన్నిటికంటే పెద్దదైన బోదురు కప్ప అది. శాస్త్రజ్ఞులు దాన్ని హాప్లోబాట్రాకస్ టైగెరినస్ అంటారు. ఏడాది పొడుగునా అది మీ పొలంలోనే ఉంటుంది. మిగతా రోజుల్లో ముదురు పచ్చగానో గోధుమ రంగుగానో ఉండి, ఒంటి నిండా నల్లని మచ్చలతో బురదలో కలిసిపోతుంది కనుక మీ కంట పడదు. ఎండాకాలమంతా మట్టిలోకి దూరి, కదలిక లేకుండా గడుపుతుంది. తొలి భారీ వానకు నేల నానగానే పైకి వచ్చి, పొలాల్లోనూ గుంటల్లోనూ నిలిచిన కొత్త నీటికి చేరుతుంది. జత కట్టే ఆ కొద్ది రోజుల్లో మాత్రమే మగకప్పలు పసుపు రంగుకు మారతాయి, గొంతుకు రెండు వైపులా ఉన్న సంచులు నీలంగా ఉబ్బుతాయి. ఆడకప్పలకు ఈ రంగు రాదు. మీరు చూసిన గుంపులో మట్టిరంగు కప్పలు కూడా ఉండే ఉంటాయి. వాటిని వేరే జాతి అనుకుని ఉంటారు.

రంగు పోయిన తరువాత దీన్ని వీపు చూసి పోల్చుకోవచ్చు. వీపు మీద తల నుంచి వెనక్కి పొడవాటి చర్మపు మడతలు వరుసగా ఉంటాయి, చాలా వాటికి నడి వీపున లేత రంగు గీత కనిపిస్తుంది, వెనుక కాళ్ల వేళ్ల మధ్య పొర పూర్తిగా పరుచుకుని ఉంటుంది. దీనికి దగ్గర బంధువు ఒకటి మన పొలాల్లోనే ఉంది. కాస్త బొద్దుగా, పొట్టి కాళ్లతో ఉండే ఆ కప్పను, నెల్లూరులో ప్రభుత్వ వైద్యుడిగా పనిచేసిన ప్రకృతి శాస్త్రజ్ఞుడు జెర్డాన్ 1853లో వర్ణించాడు. దాని వెనుక పాదం అడుగున మట్టి తవ్వడానికి పార అంచులాంటి గట్టి బుడిపె ఉంటుంది. రెండూ ఒకే పొలంలో దొరకవచ్చు కనుక పాదం చూడకుండా పేరు తేల్చవద్దు.

రైతుగా మీరు తెలుసుకోవలసింది ఇంకొకటి ఉంది. ఒకప్పుడు విదేశాల్లో కప్ప కాళ్ల కూరకు ఉన్న గిరాకీ వల్ల మన పొలాల నుంచి ఈ కప్పలను పెద్ద ఎత్తున పట్టి ఎగుమతి చేశారు. 1985లో ఈ జాతిని సైటీస్ అనే అంతర్జాతీయ ఒప్పందం నియంత్రణలోకి తెచ్చారు, 1987లో భారత ప్రభుత్వం కప్ప కాళ్ల ఎగుమతిని నిషేధించింది. పురుగులను, పీతలను, చిన్న ఎలుకలను సైతం మింగే ఈ కప్ప మీ పొలంలో ఉచితంగా కాపలా కాస్తోంది. అది జత కట్టే ఆ కొద్ది రోజులైనా మందు పిచికారీని వాయిదా వేయగలిగితే వేయండి. కప్ప తన తడి చర్మం ద్వారా కూడా ఊపిరి తీసుకుంటుంది కనుక నీటిలో కలిసిన మందు నేరుగా దాని ఒంట్లోకి చేరుతుంది.

ప్రశ్న: మా పాఠశాల పక్కనే ఊరి చెరువు ఉంది. పిల్లలతో కలిసి అక్కడి కప్పల పట్టిక తయారు చేయాలనుకుంటున్నాం. ఫొటోలు తీశాం కానీ అన్నీ ఒకే మట్టిరంగులో ఉన్నాయి. ఏ గుర్తులు చూడాలి?
– ఒక ఉపాధ్యాయురాలు, సిద్దిపేట జిల్లా

జవాబు: మీ పిల్లలకు ముందు చెప్పవలసింది, రంగును చివర చూడమని. ఒకే జాతి కప్ప బురదలో ఒక రంగులోనూ, గడ్డిలో ఇంకో రంగులోనూ కనబడుతుంది. అది ఎక్కడ కూర్చుంది, వీపు నున్నగా ఉందా బొడిపెలతో ఉందా, వెనుక వేళ్ల మధ్య పొర ఎంతవరకు ఉంది, వేళ్ల చివర గుండ్రని బిళ్లలు ఉన్నాయా అన్నవి ముందు రాసుకోవాలి. మాకు వచ్చే ఫొటోల్లో ఎక్కువ వాటిలో పాదాలు కనబడవు. పాదాలు లేని ఫొటో ఎంత అందంగా ఉన్నా పేరు చెప్పడానికి పెద్దగా ఉపయోగపడదు.

చెరువు నీటిలో కళ్లు, ముక్కు మాత్రం పైకి పెట్టి తేలుతూ, మీరు దగ్గరికి రాగానే మునగకుండా నీటి మీదే చెంగుచెంగున గెంతుకుంటూ పోయే కప్ప యూఫ్లిక్టిస్ సయనోఫ్లిక్టిస్. అలా నీటి పైన గెంతడం ఒక్కటే దాన్ని పట్టిచ్చే గుర్తు. వీపు మీద చిన్న చిన్న బొడిపెలు, వేళ్ల మధ్య పూర్తి పొర ఉంటాయి. వానాకాలంలోనే కాదు, నీరున్నంత కాలం ఇది కనబడుతుంది, పగలు కూడా కూస్తుంది. తామరాకులు, గుర్రపుడెక్క నిండిన పాత చెరువుల్లో దీని సోదర జాతి యూఫ్లిక్టిస్ హెక్సాడాక్టైలస్ ఉండవచ్చు. ఆకుపచ్చని నున్నటి ఒళ్లు, నడుమ లేత గీత ఉన్న పెద్ద కప్ప అది. కప్పలన్నీ పురుగులే తింటాయని మనం పాఠాల్లో చెబుతుంటాం. ఇది ఎదిగిన తరువాత ఆకులను కూడా బాగా తింటుంది. ఈ సంగతి మీ పిల్లలకు తప్పక నచ్చుతుంది.

గట్టు మీది గడ్డిలో, మడుల అంచున, మూడు నాలుగు సెంటీమీటర్ల పొడవుతో, కోసు మూతితో, వీపు మీద తెగిపోయినట్టున్న పొట్టి మడతలతో కనబడేవి మినర్వార్య జాతులు. వీటి వేళ్ల మధ్య పొర పూర్తిగా ఉండదు, మగవాటి గొంతు మీద నల్లని మచ్చ ఉంటుంది. ఇవి ఒకదాన్నొకటి ఎంత పోలి ఉంటాయంటే, నిపుణులే కూతను రికార్డు చేసి, డీఎన్ఏను పరీక్షించి గానీ వేరు చేయలేరు. మీ పట్టికలో ‘మినర్వార్య’ అని ప్రజాతి పేరు వరకే రాసి ఆపడం సరైన పద్ధతి.

గడ్డి మొదళ్లలో బొటనవేలి గోరంత కప్ప, ఇరుకైన మూతి, వీపు మీద ముదురు రంగు బొమ్మ గీసినట్టున్న మచ్చ కనిపిస్తే అది మైక్రోహైలా ఆర్నాటా. దాని గుడ్లు నీటి మీద పలుచని పొరలా ఒకే వరుసగా తేలుతాయి, తోకకప్పలు దాదాపు పారదర్శకంగా ఉంటాయి. ఒంటి నిండా గరుకు బొడిపెలు, కళ్ల చుట్టూ నల్లని గట్లు, కళ్ల వెనుక ఉబ్బిన విషగ్రంథులు ఉన్నది మన ఇళ్ల చుట్టూ తిరిగే మామూలు గరుకు కప్ప, డట్టాఫ్రైనస్ మెలనోస్టిక్టస్. దాని గుడ్లు జిగురు దారానికి గుచ్చిన పూసల్లా పొడవుగా సాగి ఉంటాయి, తోకకప్పలు నల్లగా గుంపులు కడతాయి. కప్ప దొరకకపోయినా గుడ్లను చూసి ఇలా చాలా చెప్పవచ్చు. పిల్లలు కప్పను పట్టుకోవలసి వస్తే చేతులు తడిపి పట్టుకోవాలి, వదిలాక సబ్బుతో కడుక్కునే వరకు కళ్లు తుడుచుకోకూడదు. మీ ఫొటోలను ఇండియా బయోడైవర్సిటీ పోర్టల్‌లో గానీ ఐనాచురలిస్ట్‌లో గానీ పెడితే తెలిసినవారు సరిచూస్తారు.

ప్రశ్న: మా పెరట్లోని నీళ్ల తొట్టి గోడకు రాత్రికి రాత్రే తెల్లటి నురగ ముద్ద అంటుకుంది. అది ఏమిటి, కడిగేయవచ్చా?
– ఒక పాఠకురాలు, విజయనగరం

జవాబు: దయచేసి కడగకండి. అది చెట్టు కప్ప గూడు. వేళ్ల చివర బిళ్లలతో గోడలు ఎక్కి, స్నానాల గదుల్లో తలదాచుకునే పాలిపెడేటస్ మాక్యులేటస్ దాన్ని కట్టి ఉంటుంది. నీటికి పైన నురగ చిలికి అందులో గుడ్లు పెడుతుంది. బయటి నురగ కాస్త గట్టిపడి లోపలి తడి ఆరకుండా కాపాడుతుంది. కొద్ది రోజులకు తోకకప్పలు కింది నీటిలోకి జారతాయి. తొట్టి నీరు వాడుకోవలసి ఉంటే, నురగను అట్టముక్కతో నెమ్మదిగా తీసి, నీడలో నీరున్న బానపై, నీటికి తగలకుండా అమర్చండి.

ప్రశ్న: మా అపార్టుమెంటు పక్క ఖాళీ స్థలంలో వాన నీరు నిలిచి, రాత్రుళ్లు రకరకాల కప్పల అరుపులు వినిపిస్తున్నాయి. అరుపును బట్టి జాతి చెప్పవచ్చా? దోమల భయంతో ఆ గుంటను పూడ్పించాలని కొందరు అంటున్నారు.
– ఒక పాఠకుడు, హైదరాబాదు

జవాబు: చాలావరకు చెప్పవచ్చు. మామూలుగా కూసేది మగకప్పే, ఆడకప్పను రప్పించడానికే. ప్రతి జాతికీ తనదైన కూత ఉంటుంది కనుక చీకట్లో చెవే మంచి సాధనం. దువ్వెన పళ్ల మీద గోరు గీసినట్టు గట్టిగా కిర్రుమంటే అది గోరంత మైక్రోహైలా. ఆ శబ్దం విని పెద్ద కప్ప కోసం వెతికి నిరాశపడేవారు ఎక్కువ. ఆగకుండా చాలాసేపు ‘కుర్ర్ర్’ అని సాగేది గరుకు కప్ప కూత. ‘టక్ టక్ టక్’ అని గోడ మీద నుంచో కొమ్మ మీద నుంచో వినిపిస్తే చెట్టు కప్ప. లోతైన గొంతుతో బెకబెకమంటూ మిగతా అన్నిటినీ మింగేసేది బోదురు కప్ప. మొబైల్‌లో ఒక నిమిషం రికార్డు చేసి, తేదీ, సమయం, వాన పడి ఎన్నాళ్లయిందో రాసి ఉంచండి.

పూడ్చడం గురించి మా అభిప్రాయం స్పష్టం. పెద్ద చెరువును కాపాడితే కప్పలు వాటంతట అవే బతుకుతాయని అనుకుంటాం, కానీ పైన చెప్పిన వాటిలో చాలా జాతులు గుడ్లు పెట్టడానికి వెతికేది ఇలాంటి లోతు తక్కువ గుంటలనే, ఎందుకంటే ఎండిపోయే నీటిలో గుడ్లను తినే చేపలు ఉండవు. గుంట నెల, నెలన్నర నిలిస్తే చాలు, తోకకప్పలు కాళ్లు మొలిచి ఒడ్డుకు వస్తాయి. డెంగీ దోమ ఎక్కువగా పెరిగేది ఇళ్లలోని డ్రమ్ముల్లో, కూలర్లలో, పూలకుండీల కింది పళ్లాల్లో. కాబట్టి ముందు అక్కడి నీటిని వారానికోసారి పారబోయించండి. గుంటలో గంబూసియా చేపలు వదలమని ఎవరైనా సలహా ఇస్తే ఒప్పుకోవద్దు. అవి దోమ పిల్లలతో పాటు కప్ప గుడ్లను, తోకకప్పలను కూడా తినేస్తాయి. స్థలం యజమాని పూడ్చక తప్పదంటే, పనిని వానాకాలం ముగిసి గుంట దానంతటది ఎండే వరకు ఆపమని అడగండి.