పళ్లు బయటికొచ్చే వైపే పెచ్చులు

ప్రశ్న: గదికి ల్యామినేట్ ఫ్లోరింగ్ మేమే వేసుకుంటున్నాం. జిగ్‌సాతో (సన్న బ్లేడు పైకీ కిందికీ ఆడే కరెంటు రంపం) పలక కోస్తే డిజైను అంచంతా పెచ్చులు లేస్తోంది. బ్లేడు కొత్తదే. పొరపాటెక్కడ?

జవాబు: పలకను ఏ వైపు తిప్పి పెట్టారో చూడండి. రంపపు పన్ను పలకలోకి దిగేటప్పుడు పై పొరను లోపలి చెక్కపొట్టు అట్టకేసి అదిమి కోస్తుంది. బయటికొచ్చేటప్పుడు ఆ పొరకు వెనక ఆసరా ఉండదు కాబట్టి ఎత్తి విరిచేస్తుంది. మామూలు జిగ్‌సా బ్లేడు పళ్లు పైకి చూస్తాయి. అందుకే డిజైను కిందికి ఉండేలా పలకను బోర్లించి, వెనకవైపు గీత గీసి కోయాలి. బోర్లిస్తే కుడి ఎడమలు మారిపోతాయి, మూల కోతలప్పుడు ఇది మరిచిపోయి పలకలు పాడుచేసుకునేవారు చాలామంది. పళ్లు కిందికి చూసే బ్లేడు కూడా దొరుకుతుంది. దానికి డిజైను పైకే ఉంచాలి, కానీ అది మిషన్‌ను పైకి తన్నుతుంది, గట్టిగా అదిమి పట్టుకోండి.

చేత్తో నడిపే సర్క్యులర్ సాకూ (గుండ్రటి బ్లేడు రంపం) డిజైను కిందికే. బల్ల కింద నుంచి బ్లేడు పైకి వచ్చే టేబుల్ సా, పై నుంచి బ్లేడును దించి కోసే మైటర్ సా, తోసినప్పుడు కోసే చేతిరంపం, ఈ మూడింటికీ పైకి.

ఇక జిగ్‌సా పక్కనుండే ఆర్బిటల్ మీటను (బ్లేడు ముందుకూ వెనక్కూ ఊగడాన్ని మార్చేది) సున్నాలో పెట్టండి. అది తిరిగి ఉంటే కోత వేగంగా సాగుతుంది, అంచు మాత్రం చెడుతుంది. గీత మీద మాస్కింగ్ టేపు అంటించి, దాని మీదే మళ్లీ గీత గీయండి. పలకకు రెండు వైపులా ఆసరా ఉండాలి. చివరి అంగుళం దగ్గర తెగే ముక్క బరువుకి వేలాడితే కోత పూర్తికాకముందే విరిగి, పక్క పలకలో ఇరుక్కునే లాకు అంచుతో సహా చీల్చుకుపోతుంది.

బ్లేడు కొత్తదన్నారు, ఎన్ని పలకలు కోశారు? పై పొరలో అల్యూమినియం ఆక్సైడ్ ఉంటుంది, ఉప్పు కాగితం మీద ఉండే గరుకు పదార్థం అదే. మామూలు స్టీలు పళ్లు త్వరగా మొద్దుబారతాయి. మాడిన వాసన, గోధుమ రంగుకు తిరిగిన అంచు, తోస్తే తప్ప కదలని మిషన్, ఈ మూడూ బ్లేడు మార్చమని చెప్పే గుర్తులు. స్టీలుకన్నా గట్టివైన కార్బైడ్ పళ్లది తీసుకోండి. టేబుల్ సా, మైటర్ సాలకు వేసే 10 అంగుళాల గుండ్రటి బ్లేడైతే 60 నుంచి 80 పళ్లు ఉండాలి. ఈ పొట్టు చాలా సన్నం, ఎన్95 మాస్కూ కళ్లద్దాలూ లేకుండా మొదలుపెట్టకండి.

ప్రశ్న: మీట నొక్కి తెంపే ల్యామినేట్ కట్టర్ ఒక్కటే సరిపోతుందా?

జవాబు: అడ్డకోతలకు బాగుంటుంది, దుమ్ము ఉండదు, చప్పుడూ తక్కువే. అంచు కాస్త గరుకుగా వచ్చినా స్కర్టింగ్ కింద దాగిపోతుంది. పొడవునా చీల్చడానికీ పైపు రంధ్రాలకూ మాత్రం జిగ్‌సా కావలసిందే.

ప్రశ్న: గోడ పక్కన 22 మి.మీ. పైపు నేలలోంచి పైకి వచ్చింది. పలకకు రంధ్రం ఎంత పెట్టాలి?

జవాబు: 42 మి.మీ. తేమకు పలక ఉబ్బుతుంది, చుట్టూ 10 మి.మీ. ఖాళీ లేకపోతే పైపుకు ఆనుకుని నేల ఎక్కడో ఒకచోట పైకి లేస్తుంది. కింద పనికిరాని చెక్క పెట్టి హోల్ సాతో (డ్రిల్లుకు బిగించే గిన్నెలాంటి రంపం) రంధ్రం చేయండి. పలక అంచు నుంచి రంధ్రం దాకా రెండు కోతలు పెట్టి ముక్క తీసేయండి. పలక అమర్చాక ఆ ముక్కను పైపు వెనక పెట్టి జిగురుతో అతికించండి. జిగురు పలకకు తప్ప నేలకు తగలకూడదు.

ప్రశ్న: గది వెడల్పు 291 సెం.మీ., పలక 19 సెం.మీ. చివరి వరస మరీ సన్నగా వస్తుందేమో?

జవాబు: వస్తుంది. రెండు గోడల దగ్గరా 1 సెం.మీ. చొప్పున ఖాళీ తీసేస్తే 289 మిగులుతుంది. 15 వరసలు 285, చివరిది 4 సెం.మీ. అంత సన్న ముక్క లాకులో నిలవదు. 19కి 4 కలిపి సగం చేయండి: మొదటి వరస, చివరి వరస 11.5 చొప్పున, మధ్యలో 14 నిండు వరసలు. మొదటి వరసలో గోడ వైపు అంచునే కోయండి, గది వైపు లాకు చెక్కుచెదరకూడదు. చివరి వరసకు మాత్రం ఈ లెక్క నమ్మి ఒకేసారి అన్నీ కోసిపెట్టకండి. గోడలు తిన్నగా ఉండవు, ప్రతి పలకకూ రెండు కొసల దగ్గరా కొలిచి విడిగా గీత గీయండి.